తెర మీద అంకెలు మాన్పించిన ఎజీదియో సల్వుచ్చి గారు

1957వ సంవత్సరం అక్టోబరు పద్నాలుగో తేదీ, సోమవారం ఉదయం తొమ్మిది గంటలకు, రోము నగరంలో తుస్కోలానా రోడ్డు మీది మన ఫోంతనెల్లా చిత్రనిర్మాణ సంస్థలో శ్రీ ఎజీదియో సల్వుచ్చి గారు టైపు గుమాస్తాగా ప్రవేశించారు. అప్పటికి వారి వయస్సు ఇరవై ఐదు. ఆనాటి నుంచి ముప్పై ఏడేళ్ళపాటు సంభాషణా రచయితగా, కథా రచయితగా, నిర్మాతగా ఈ సంస్థకు కీర్తిని, సంస్థ పెద్దలకు తలనొప్పిని సమపాళ్ళలో ప్రసాదించి, వచ్చే శనివారం పదవీ విరమణ చేస్తున్నారు. ఈ శుభసందర్భంలో అభినందన వ్యాసం రాయవలసిందిగా మన సంస్థ సంచిక సంపాదకులు ఎడిటింగ్ విభాగపు నోర్మా చెక్కెత్తిని కోరారు. పొగడ్తలు రాయడం నోర్మాకు అలవాటు లేదు. ఎజీదియో గారి మాటలను కత్తెరతో కోయడమే ఆమె ఇన్నేళ్ళూ చేసిన ఉద్యోగం. తన గురించి తానే పరాయి మనిషిలా రాసుకోవడం సంచిక మర్యాద అన్నారు కనుక, ఆమె కూడా ఈ వ్యాసంలో నోర్మాగానే కనిపిస్తుంది.

సంస్థ వ్యవస్థాపకులు కీర్తిశేషులు ఒరెస్తే బాల్దినీ గారు ఆ సోమవారం ఆయనను చేసిన ఇంటర్వ్యూ నిమిషం పట్టలేదని పాతవాళ్ళు చెబుతారు.

"టైపు వచ్చా?"

"వచ్చండి. ప్రెస్సులో ప్రూఫులు కూడా దిద్దేవాణ్ణి."

"ఇక్కడ మాత్రం దిద్దకు నాయనా. మా రచయితలు ఏడుస్తారు."

ఎజీదియో గారి తండ్రి ట్రాము కండక్టరుగా పనిచేస్తూ, కొడుకు తొమ్మిదో ఏటనే కన్నుమూశారు. తల్లి శ్రీమతి అడల్జీసా గారు తెస్తాచ్చో పేటలోని ఒక లాండ్రీలో ఇస్త్రీ పనిచేసి కొడుకును చదివించారు. ఏడేళ్ళ వయస్సులో వచ్చిన మెదడువాపు జ్వరం ఆవిడ వినికిడిని తీసుకుపోయింది. మాట మిగిలింది గాని, అది తనకే వినబడదు కనుక ఎంత గట్టిగా మాట్లాడుతున్నారో ఆవిడకు తెలియదు. బడి రెండో తరగతితో ఆగిపోయింది. అంకెలు బాగా వచ్చు, అక్షరాలు కూడబలుక్కోవాలి. అయితే ఎదుటివారి పెదవులను చదవడంలో ఆవిడకు సాటి లేరు. మూడో అంతస్తు కిటికీలో నిలబడి కింద పెరట్లో ఎవరు ఎవరి గురించి ఏమనుకుంటున్నారో చెప్పేవారట. ఆ పెరట్లో చాడీలు చెప్పుకునే ఇల్లాళ్ళు గోడవైపు తిరిగి మాట్లాడుకోవడం అలవాటు చేసుకున్నారు. ఎజీదియో గారు ఎవరితో మాట్లాడినా ముఖం తిన్నగా పెట్టి, ఒక్కొక్క మాటా విడదీసి పలకడాన్ని చూసి, ఆయనేదో గొప్ప అనుకుంటున్నారని మొదట్లో ఆఫీసులో చెవులు కొరుక్కునేవారు. అది తల్లి దగ్గర అబ్బిన నడవడి.

ఇప్పుడు చేరుతున్న పిల్లలు నమ్మరు గాని, ఆ రోజుల్లో మన పరిశ్రమలో షూటింగ్ సమయాన శబ్దం పట్టేవారు కాదు. పక్క సెట్టులో వడ్రంగులు మేకులు కొడుతుంటే ఈ సెట్టులో నాయిక ప్రాణాలు విడిచేది. ముఖం ఒకరిది, గొంతు మరొకరిది. కథ పూర్తిగా రాయకుండానే షూటింగ్ మొదలుపెట్టేవారు కనుక చాలాసార్లు నటుడికి చెప్పడానికి మాటలే ఉండేవి కావు. "ఏం చెప్పమంటారు సార్?" అని అతను అడిగితే, "అంకెలు లెక్కపెట్టవయ్యా. కోపంగా లెక్కపెట్టు" అనేవాడు దర్శకుడు. ఒకటి, రెండు, మూడు అంటూ ప్రేమించుకునేవారు. ముప్పై దాటాక కొట్టుకునేవారు. పదిహేడు మాత్రం అశుభమని, ఎంత ఆవేశంలో ఉన్నా పదహారు మీంచి పద్దెనిమిదికి దూకేవారు. ఆ తరువాత డబ్బింగ్ గదిలో ఒక రచయిత కూర్చుని, ఆ కదిలే పెదవులకు సరిపోయే మాటలు రాసేవాడు. వేరే గొంతువాళ్ళు వచ్చి వాటిని పలికేవారు. థియేటరులో చూసేవారికి కాదు గదా, కాకికి కూడా తెలియనంత గుట్టుగా ఇదంతా జరిగిపోయేది.

1959లో అలా మాటలు అతికించే రచయిత పంటినొప్పితో మంచం పట్టగా, ఆ పని టైపు గుమాస్తా మీద పడింది. పెదవి ఎక్కడ ముడుచుకుంటుందో, ఎక్కడ విచ్చుకుంటుందో పసితనం నుంచీ ఎరిగిన మనిషి ఎజీదియో గారు. పూర్వం వారం పట్టే పనిని రెండు రోజుల్లో ముగించారు. ఎనభై నాలుగు అన్న పెదవుల మీద ఒక అమ్మాయి ఎడబాటును ఎంత చక్కగా కూర్చారంటే, అందులో నటించినావిడే "అరె, నేను నిజంగా ఇదే అన్నానా?" అని ముక్కున వేలేసుకుంది. ఆ ఏడాది నుంచే ఆయన సంభాషణా రచయిత. 1963లో «ఆదివారపు వరుడు» చిత్రంతో కథా రచయితగా తెర మీద పేరు పడింది. 1967లో వచ్చిన «వంతెన కాపరి» చివర, వరదలో ఒంటరిగా మిగిలిన కాపరి మూడు నిమిషాలపాటు చేసే ప్రసంగం గురించి పత్రికలన్నీ రాశాయి. ఆయన ప్రతి చిత్రానికీ మొదటిరోజు మొదటి ఆటకు అడల్జీసా గారు ఆదివారపు కోటు వేసుకుని వచ్చేవారు. ఆట అయ్యాక కొడుకు భుజం తట్టి, "బాగా రాశావురా" అనేవారు.

«వంతెన కాపరి» మొదటి ఆటలో ఆవిడ పక్క కుర్చీ నోర్మాకు దొరికింది. నోర్మా ఎడిటింగ్ గదిలో చేరి అప్పటికి రెండేళ్ళు. హాల్లో తన గొంతు హద్దు దాటుతుందన్న భయంతో అడల్జీసా గారు అక్కడ శబ్దం లేకుండా పెదవులతోనే మాట్లాడేవారు. రోజంతా మాటలు లేని ఫిల్ముతో వేగే నోర్మాకు అది తేలిగ్గానే అర్థమయ్యేది. కాపరి ప్రసంగం మొదలైంది. హాల్లో రుమాళ్ళు బయటికి వచ్చాయి. తీరా చూస్తే ఆవిడ తెరవంక చూడటం లేదు. పక్కకి తిరిగి జనాన్ని చూస్తున్నారు. మధ్యమధ్య తెరవైపు ఒక చూపు విసిరి పెదవులు కదుపుతున్నారు.

"ఏంటమ్మా, లెక్కపెడుతున్నారు?" అని నోర్మా అడిగింది.

"నేను కాదమ్మాయ్, ఆయనే. నలభై ఒకటి, నలభై రెండు అంటున్నాడు. ఈయన నయం, వరస తప్పడు. మొన్నటి సినిమాలో కుర్రాడు ఇరవై దాటాక మళ్ళీ ఒకటి నుంచి మొదలెట్టాడు. అదీ పెళ్ళి చేసుకుంటానని పిల్లకి చెప్పేచోట!"

నోర్మాకు నవ్వు వచ్చింది.

"మరి కథ మీకెలా తెలుస్తుందండీ?"

"జనం మొహాలు చూస్తాను. ఎక్కడ నవ్వారు, ఎక్కడ ముక్కు చీదారు అని. ఇవాళ బాగా చీదుతున్నారు. మావాడు మంచిగా రాసుంటాడు. ఇదిగో, వాడితో అనకు. బెంగపెట్టుకుంటాడు. ఏదీ, ఒట్టెయ్యి."

నోర్మా ఒట్టు వేసింది. ఈ సంస్థలో అందరికీ తెలిసినట్టే ఆమె నోట్లో నువ్వుగింజ నానదు. ఈ గింజ మాత్రం పదకొండు రోజులు నానింది. పన్నెండో రోజున, చిన్న ఊళ్ళ థియేటర్ల కోసం చిత్రాన్ని కుదించమని పంపిణీదారులు కబురు పెట్టారు. ఎజీదియో గారు ఎడిటింగ్ గదికి వచ్చి బల్లకు అడ్డంగా నిలబడ్డారు.

"ఎక్కడైనా కొయ్యి నోర్మా, ప్రసంగం జోలికి మాత్రం రాకు. మా అమ్మకి అన్నిటికన్నా అదే ఇష్టం."

"ఆవిడకి అక్కడ కనపడేది అరవై రెండు దాకా అంకెలేనండీ" అంది నోర్మా. అని నాలుక కరుచుకుంది.

ఆయన మొదట నవ్వారు. తరువాత కుర్చీ లాక్కుని కూర్చుని, ఆ రీలును శబ్దం లేకుండా రెండుసార్లు తిప్పించుకుని చూశారు. ఎనిమిదేళ్ళు. పదకొండు చిత్రాలు. లోకమంతా మెచ్చుకున్న తన మాటల్లో ఒక్కటంటే ఒక్కటి కూడా తల్లికి చేరలేదు. పెదవుల మీద మాటలు కూర్చే విద్యను ఏ తల్లి ఒడిలో నేర్చుకున్నారో, ఆ తల్లినే ఆ విద్య వాకిట్లో నిలబెట్టింది. "కొయ్యి, ఎంత కావాలంటే అంత కొయ్యి" అని లేచి వెళ్ళిపోయారు. టోపీ మేకుకే వేలాడుతూ మిగిలిపోయింది. ఒట్టు తప్పినందుకు నోర్మా ఆనాడు ఏడ్చింది. ఇప్పటికీ ఆమె దాన్ని తప్పుగానే లెక్కవేస్తుంది. అడల్జీసా గారు మాత్రం ఏనాడూ పల్లెత్తు మాట అనలేదు.

ఆ సాయంత్రం ఇంట్లో జరిగిన మాటలను ఎజీదియో గారే ఆ తరువాత నోర్మాకు చెప్పారు. తల్లి చొక్కా మడతపెడుతున్నారట.

"ఎందుకు చెప్పలేదమ్మా ఇన్నాళ్ళూ?"

"చెప్తే ఏం చేసేవాడివిరా? పని మానేసేవాడివా?"

"పోనీ, ఇప్పుడు నేను మొత్తం చెప్తాను. కూర్చో, నా మొహం చూడు."

"నీ మొహం ముప్పై అయిదేళ్ళుగా చూస్తూనే ఉన్నాను కదరా. ఆ వంతెన ముసలాడి మొహం మీద కావాలి నాకు. నువ్వు చెప్తే అది నువ్వే అవుతావు."

బతికుండగా ఒక్కసారైనా తన మాటను తెర మీది పెదవులపై తల్లి చదవాలి. ఎజీదియో గారి జీవితంలో తరువాతి ఐదేళ్ళూ ఈ ఒక్క కోరిక చుట్టూనే తిరిగాయి. షూటింగుకు ముందే కథ ముగించాలని, నటులు రాసిన మాటలనే పలకాలని, గొంతు తరువాత ఎవరిదైనా ఫరవాలేదని ఆయన బాల్దినీ గారి ముందు ప్రతిపాదన పెట్టారు.

"చెవిటివాళ్ళ ముందు శంఖం ఊదమంటావేమయ్యా? అదీ నా ఊపిరితో!" అన్నారు బాల్దినీ గారు.

"శంఖం వద్దండి. పెదాలు చాలు."

"కథ ముందే పూర్తి చెయ్యాలా? ఈ దేశంలో ఎవరైనా చేశారా అలా? ఆ పిచ్చిపని నువ్వే నిర్మాతగా ఉండి చేసుకో. మునిగితే మాత్రం నా పేరెత్తకు."

ఆ విధంగా, కోపంలో అన్న మాటతో ఎజీదియో గారు నిర్మాత అయ్యారు. ప్రతి గురువారం న్యోక్కీ అనే బంగాళాదుంప ఉండలు తినడానికి ఒకే బల్ల చుట్టూ చేరే తోటి రచయితలు ఆయనను చూసి, "రండి మాస్టారూ, హోంవర్కు చేశారా?" అని ఏడిపించారు. ఆయన నవ్వి ఊరుకునేవారు. లాండ్రీలో పనిచేసే ఆడవాళ్ళ కథ «ఇస్త్రీ ఇల్లు»ను రెండేళ్ళు కూర్చుని, చివరి పుటదాకా రాశారు. 1972 ఫిబ్రవరిలో సెట్టు వాకిట్లో ఒక బోర్డు వేలాడింది: "లోపల అంకెలు నిషిద్ధం." నటులు గొణుక్కుంటూనే మాటలు బట్టీపట్టారు. ఆరు వారాలు సాఫీగా సాగాయి.

చిక్కు ఆఖరిరోజున వచ్చింది. ముప్పై ఏళ్ళు తన దగ్గర పనిచేసి వెళ్ళిపోతున్న ఇస్త్రీ ఆవిడను లాండ్రీ యజమాని క్షమాపణ అడిగే సీను. యజమాని వేషం నాటి మహానటులు లియోపోల్దో రవెజ్జి గారిది. అప్పటిదాకా ఆయనకు ఒకటి రెండు వాక్యాలకు మించి పడలేదు. ఆ ప్రసంగం ఒక పుట నిండా ఉంది. దాన్ని ఎజీదియో గారు ఐదు వారాలు రాశారు. తల్లి చదవాలని ఆయన దాచుకున్న మాటలన్నీ అందులోనే ఉన్నాయి. లియోపోల్దో గారు నాలుగో వాక్యం దాకా వచ్చేవారు. ఆపైన పెదవులు తమంతట తామే "ఏడు, ఎనిమిది, తొమ్మిది" అంటూ సాగిపోయేవి. పదకొండు టేకులు అయ్యాయి. పక్కనుంచి మాట అందిస్తే, ఆయన ముఖంలో మాట్లాడేవాడు పోయి వినేవాడు కనబడేవాడు. సాయంత్రం ఏడింటికి స్టూడియో ఖాళీ చేయాలి, మర్నాటి నుంచి వేరేవాళ్ళ సెట్టు. "పోనీయండి, లెక్కపెట్టనివ్వండి. మాటలు తర్వాత అతికిద్దాం, కొత్తా ఏమన్నా?" అన్నాడు దర్శకుడు. అందరూ ఎజీదియో గారివంక చూశారు.

అప్పుడు లియోపోల్దో గారు ఆయన చెయ్యి పట్టుకుని సెట్టు వెనక్కి తీసుకుపోయారు. అక్కడ అనుకున్న మాటలను ఆయనే తన డెబ్బై అయిదో పుట్టినరోజున మనందరి ముందూ చెప్పుకున్నారు కాబట్టి, ఇక్కడ రాయడంలో తప్పు లేదు.

"నాకు గుర్తుండటం లేదయ్యా. ఆరేళ్ళయింది. పొద్దున ఏం తిన్నానో కూడా తెలీదు. అంకెలొక్కటే పోలేదు. నలుగురిలో ఈ మాట అన్నావంటే నాకింక వేషాలివ్వరు."

ఒక పక్కన తల్లి. ఒక పక్కన ఈ ముసలాయన పరువు. ఎజీదియో గారు కాగితం ముందు పెట్టుకుని పావుగంట కూర్చున్నారు. తరువాత సెట్టు మధ్యకు వచ్చి, అందరికీ వినబడేలా, "తప్పు నాది. ఇంత వాగే యజమాని లోకంలో ఎక్కడైనా ఉంటాడా? రవెజ్జి గారు మొదటి టేకు నుంచీ ఇదే చెప్పాలని చూస్తున్నారు, నేనే వినిపించుకోలేదు" అన్నారు. పెన్సిలు తీసి, ఐదు వారాల రాతను నిలుచున్నచోటే కొట్టేయడం మొదలుపెట్టారు. ఒక్కొక్క గీత పడుతుంటే నోర్మా చూడలేక తల తిప్పుకుంది. ఆఖరికి ఒక్క వాక్యం మిగిలింది. లియోపోల్దో గారు దాన్ని మూడుసార్లు గొణుక్కుని, పన్నెండో టేకులో తప్పులేకుండా చెప్పారు. తలుపులు మూసే వేళకు ఇంకా పది నిమిషాలు మిగిలాయి. రచయిత అహంకారం దిగిందని కొందరు, లియోపోల్దో పట్టు గెలిచిందని కొందరు ఆ రాత్రి చెప్పుకున్నారు. ఎజీదియో గారు ఎవరి మాటా కాదనలేదు.

ఆ తరువాతి ఇరవై రెండు సంవత్సరాలలో ఎజీదియో గారు పదహారు చిత్రాలు నిర్మించారు, అందులో తొమ్మిదింటికి తామే రాశారు. టెలివిజన్ వచ్చి థియేటర్లు మూతబడుతున్నప్పుడు కూడా, కథ పూర్తికానిదే కెమెరా కదపలేదు. షూటింగులోనే శబ్దం పట్టే పద్ధతి వచ్చాక అందరూ మాటలు నేర్వక తప్పలేదు. గురువారపు బల్ల దగ్గర ఏడిపించినవారే ముందుగా కథ రాయడమెలాగో అడగడానికి ఆయన ఇంటికి వెళ్ళారు. వారి పేర్లు ఇక్కడ రాయవద్దని సంపాదకులు బతిమాలారు. పొడుగు ప్రసంగాలు మాత్రం ఆయన మళ్ళీ రాయలేదు. కొత్త రచయితలు పుటలకు పుటలు తెస్తే పెన్సిలు చేతికిచ్చి, "ఇందులో ఒక్క వాక్యమే ఉంచుకోనిస్తే ఏది ఉంచుతారు?" అని అడిగేవారు. ఆ ప్రశ్నకు ఏడ్చినవారూ ఉన్నారు, అలిగి వెళ్ళి మర్నాడు తిరిగివచ్చినవారూ ఉన్నారు. కోపం వస్తే మాట మానేయడం, కాఫీ చల్లారబెట్టి తాగడం, ఎడిటింగ్ గదిలో అనుమతి లేకుండా జొరబడటం ఆయన లోపాలు. వాటిని కూడా వచ్చే వారం నుంచి మనం వెతుక్కోవలసి వస్తుంది.

వరస తప్పించి, «ఇస్త్రీ ఇల్లు» మొదటి ఆట సంగతిని నోర్మా కావాలనే చివరకు ఉంచింది. 1972 నవంబరు, ఆదివారం. అడల్జీసా గారి పక్క కుర్చీలో మళ్ళీ తనే. ఎజీదియో గారు కూర్చోలేక వెనక తలుపు దగ్గర నిలబడ్డారు. చిత్రం మొదలైన కాసేపటికే ఆవిడ జనాన్ని చూడటం మానేశారు. కన్నార్పకుండా, ముందుకు వంగి తెరనే చూస్తున్నారు. నవ్వవలసినచోట అందరికన్నా ముందే నవ్వారు. చివరి సీను వచ్చింది. లియోపోల్దో గారి ముఖం తెర నిండా నిలిచింది. పెదవులు మెల్లగా కదిలి, ఆ ఒక్క వాక్యం అయిపోయింది. హాలంతా నిశ్శబ్దం. ఆ నిశ్శబ్దంలో, ఎంత గట్టిగా పలుకుతున్నారో తనకే తెలియని ఆ గొంతుతో, అడల్జీసా గారు ఆ వాక్యాన్ని పైకి చదివారు.

"నీ చేతులు ఎట్లా ఉంటాయో నేను ఎన్నడూ చూడలేదు."

ఆరువందల మంది ఆవిడవైపు తిరిగారు. ఆవిడకు అదేమీ పట్టలేదు. బొబ్బలు మానిన గుర్తులున్న రెండు చేతులనూ ఒడిలోంచి తీసి, ఆ తెర వెలుగులో తిప్పి చూసుకున్నారు. తరువాత నోర్మా వైపు తిరిగి, "సరిగ్గానే చదివానా అమ్మాయ్?" అని అడిగారు. నోర్మా తల ఊపింది.

"మావాడు రాశాడు" అన్నారావిడ, హాలంతా వినబడేటట్టు.

అడల్జీసా గారికి ఇప్పుడు ఎనభై ఏడేళ్ళు. శనివారం సభకు వస్తున్నారు, ముందు వరుసలో కూర్చుంటారు. కనుక వక్తలందరూ దయచేసి కాగితంలో తల దూర్చకుండా, ముఖం ఎత్తి, నిదానంగా మాట్లాడవలసిందిగా మనవి. పెదవి మీదికి మీసాలు దిగినవారు కత్తిరించుకుని రావాలి. నోర్మా మాత్రం ఆ తల్లి ఎదుట నిలబడి ఈ కొద్ది మాటలే చెబుతుంది: అమ్మా, మీ అబ్బాయి ఆరోగ్యంగా, చల్లగా, నిండు నూరేళ్ళు వర్ధిల్లాలి. మేమంతా మనసారా కోరుకుంటున్నాం. ఇన్నేళ్ళూ వారిని మాకిచ్చారు, ఇక మీ దగ్గరికి పంపుతున్నాం.